పీఎస్ ప్లస్ ఆపేస్తే ఏం పోద్ది, ఏం పోదు

తమ్ముడూ, నువ్వు రాసింది రెండుసార్లు చదివా. పీఎస్5 (సోనీ గేమింగ్ బాక్స్ ప్లేస్టేషన్ 5) మీద నాన్నగారి కార్డుతో ఏడాదికి తీసుకున్న సోనీ వాళ్ళ గేమ్ చందా పీఎస్ ప్లస్ ఎక్స్‌ట్రా ఈ నెలాఖరుకి అయిపోతోంది, నీకు బెంగళూరులో జాబ్ వచ్చింది, బాక్స్ ఖమ్మంలో ఇంట్లోనే ఉంటుంది, చెల్లి అప్పుడప్పుడు ఆడుకుంటుంది. ఇప్పుడు ఆపేస్తే ఆటలు ఏమవుతాయి, సగంలో ఉన్న సేవ్ (ఆట ఎక్కడిదాకా ఆడామో దాచే ఫైల్) ఏమవుద్ది, గేమ్‌కి అదనంగా డబ్బులు పెట్టి కొన్న భాగాలు, అదే డీఎల్‌సీ సంగతేంటి, ట్రోఫీలు ఉంటాయా, మిగిలిన రోజులకి డబ్బులు వెనక్కి ఇస్తారా. ఎవరో ఫ్రెండ్ "క్యాన్సిల్ కొట్టగానే అన్నీ డిలీట్ అయిపోతాయ్ రా" అన్నాడని కూడా రాశావ్. ఆ ఫ్రెండ్ మాట పక్కన పెట్టు, నేను పీఎస్3 కాలం నుంచి ఇవి తీసుకుంటూ ఆపుతూ ఉన్నవాణ్ణి, డిలీట్ అయిపోవడం అనేది ఇక్కడ ఉండదు, తాళం పడుద్ది అంతే. నువ్వు చూసుకోవాల్సింది ఆటల్ని కాదు, సేవ్‌ని.

ముందు ఆ క్యాన్సిల్ బటన్ గురించి. దాన్ని నొక్కిన రోజు ఏమీ జరగదు. నెలాఖరు దాకా డబ్బు కట్టేసి ఉన్నావ్ కాబట్టి అప్పటిదాకా అన్నీ మామూలుగా ఆడతాయ్, ఆన్‌లైన్ మ్యాచ్‌లతో సహా. ఆ బటన్ చేసేదల్లా వచ్చేసారి డబ్బు లాగొద్దని చెప్పడం. సెట్టింగ్స్‌లో యూజర్స్ అండ్ అకౌంట్స్, అందులో అకౌంట్, అందులో పేమెంట్ అండ్ సబ్‌స్క్రిప్షన్స్, అక్కడ ప్లేస్టేషన్ ప్లస్ కనపడుద్ది. లోపలికెళ్తే "వెళ్ళిపోతావా, ఇవన్నీ పోతాయ్ చూస్కో" అన్నట్టు ఒక స్క్రీన్ వేస్తారు, దాన్ని చూసి ఆగిపోయిన వాళ్ళు నాకు తెలిసి ముగ్గురున్నారు, నువ్వు ఆగకుండా కింద కన్ఫర్మ్ కొట్టేయ్. నేనైతే ఏ సబ్‌స్క్రిప్షన్ అయినా తీసుకున్న రోజే, మొదటి గేమ్ డౌన్‌లోడ్ బార్ ఇంకా కదులుతుండగానే, ఆటో రెన్యూ ఆఫ్ చేసేస్తా. పోయేదేం లేదు, మర్చిపోతే లాగేసే డబ్బులు మాత్రం మిగులుతాయ్. ఇలా చేయకూడని చోటు ఒకటుంది, యాపిల్ వాళ్ళ గేమ్ చందా ఆర్కేడ్ ఫ్రీ ట్రయల్. అక్కడ ట్రయల్ మధ్యలో ఆపితే మిగిలిన రోజులు కూడా అప్పటికప్పుడే పోతాయ్, కాబట్టి అది చివరి రోజుల్లోనే ఆపాలి.

ఇంక గడువు అయిపోయాక ఏం కనపడుద్దో చెప్తా. 2022 దసరాకి మా ఇంటికి పిన్ని వాళ్ళ పిల్లలు వచ్చారు, నలుగురు, రెండు ప్యాడ్‌లు ఫుల్ ఛార్జ్ పెట్టి ఉంచా, ఫుట్‌బాల్ గేమ్‌లో మ్యాచ్‌లు పెట్టుకుందామని వారం ముందే మాట. బాక్స్ ఆన్ చేస్తే గేమ్ బొమ్మ ఉంది, దాని మూలన చిన్న తాళం గుర్తు. నొక్కితే ప్లస్ తీసుకో అంటుంది. గేమ్ బాక్స్ లోపలే ఉంది, అంత స్టోరేజీ తింటూ అలాగే కూర్చుంది, ఎవరూ డిలీట్ చేయలేదు, కానీ తెరుచుకోదు. పక్కపక్కన కూర్చుని ఆడుకోవడానికి ప్లస్ అక్కర్లేదు కదా అని పెద్దోడు వాదన పెట్టుకున్నాడు, వాడన్నది కరెక్టే, ఒకే టీవీ ముందు ఆడటానికి ప్లస్ అక్కర్లేదు. కాకపోతే ఆ గేమే నాకు ప్లస్‌లో నెలవారీ గేమ్‌గా వచ్చింది, కొన్నది కాదు. గడువు ముందు రోజు రాత్రి అయిపోయింది, నేను చూసుకోలేదు. ఆ పూట క్యారమ్స్ ఆడారు.

నీ లైబ్రరీలో కనపడేవన్నీ ఒకేలా ఉంటాయ్ గానీ లోపల మూడు రకాలు, ఇదే చాలామందికి తెలియదు. నెలనెలా ఇచ్చే గేమ్స్ ఉంటాయ్ కదా, "యాడ్ టు లైబ్రరీ" కొట్టుకున్నవి, అవి నీ పేరు మీద రాసి ఉంటాయ్. ప్లస్ ఆగితే తాళం పడుద్ది, రెండేళ్ళ తర్వాత ఒక్క నెలకి అన్నిటికంటే చవకైన ఎసెన్షియల్ కట్టినా నువ్వు అప్పట్లో కొట్టుకున్నవన్నీ మళ్ళీ తెరుచుకుంటాయ్. ఎక్స్‌ట్రాలో వచ్చే పెద్ద కేటలాగ్ అలా కాదు, అది మా చిన్నప్పటి క్యాసెట్ల షాపు లాంటిది, మెంబర్‌షిప్ ఉన్నన్నాళ్ళు అల్మారాలో ఏది ఉంటే అది పట్టుకెళ్ళొచ్చు, షాపువాడు ఒక క్యాసెట్ తీసేస్తే మెంబర్‌షిప్ ఉన్నా దొరకదు. మైక్రోసాఫ్ట్ వాళ్ళకీ ఇలాంటి చందానే ఉంది, అందులో జీటీఏ 5 గేమ్‌నే తీసుకో, ఎక్స్‌బాక్స్ గేమ్ పాస్‌లోకి 2020 జనవరిలో వచ్చింది, మేలో వెళ్ళిపోయింది, తర్వాత మళ్ళీ వచ్చింది, మళ్ళీ పోయింది. కాబట్టి నువ్వు ఒక ఏడాది తర్వాత తిరిగొచ్చేసరికి సగంలో వదిలిన ఆ గేమ్ కేటలాగ్‌లో ఉంటుందని ఎవరూ గ్యారంటీ ఇవ్వలేరు. మూడో రకం నువ్వు డబ్బులిచ్చి కొన్నవి. ప్లస్ డిస్కౌంట్‌లో సగం రేటుకి కొన్నా సరే అవి నీవే, ప్లస్ ఉన్నా లేకపోయినా ఆడతాయ్. డిస్కౌంట్ మాత్రమే మెంబర్‌షిప్‌ది, గేమ్ కాదు.

నెల గేమ్స్ గురించి ఒక పని చేయొచ్చు. గడువు అయ్యేలోపు ఈ నెల ఇచ్చినవి కూడా లైబ్రరీకి కొట్టి పెట్టుకో, డౌన్‌లోడ్ చేయక్కర్లేదు, ఫోన్‌లో ప్లేస్టేషన్ యాప్ నుంచి అయినా చాలు.

ట్రోఫీలకి ఏమీ అవ్వదు, అవి నీ అకౌంట్‌తో ఉంటాయ్. ఫ్రెండ్స్ లిస్ట్ కూడా అంతే.

ఇప్పుడు అసలు విషయం, సేవ్. పీఎస్5 లో నీ సేవ్ రెండు చోట్ల ఉంటుంది. ఒకటి బాక్స్ లోపల, ఇంకోటి ప్లస్ ఉంటే క్లౌడ్‌లో, అంటే ఇంటర్నెట్‌లో సోనీ వాళ్ళ దగ్గర. ప్లస్ ఆగినప్పుడు బాక్స్‌లో ఉన్నదాన్ని ఎవరూ ముట్టుకోరు. గేమ్ డిలీట్ చేసినా సేవ్ విడిగా ఉండిపోద్ది, ఇది చాలామంది నమ్మరు గానీ నిజం, స్టోరేజీ చాలట్లేదని తాళం పడ్డ గేమ్స్ తీసేసినా నీ సేవ్ బాక్స్‌లోనే ఉంటుంది, సేవ్డ్ డేటా అనే మెనూలోకి వెళ్ళి నువ్వు కావాలని తీస్తే తప్ప. క్లౌడ్ కాపీ మాత్రం ప్లస్ లేకపోతే చేతికందదు. పైకి ఎక్కించలేం, కిందికి దించలేం. పీఎస్4 లో అయితే సేవ్‌ని పెన్‌డ్రైవ్‌కి కాపీ చేసుకునేవాళ్ళం, పీఎస్5 గేమ్‌ల సేవ్‌కి ఆ సుఖం లేదు, విడిగా ఒక సేవ్‌ని పెన్‌డ్రైవ్‌లో వేసుకోవడం కుదరదు. నాకు దీని మీద చాలా కోపం ఉంది, నా ఆట నేనాడుకున్న గుర్తుని దాచుకోవడానికి ఏడాది చందా ఏంటి అని, కానీ ఉన్న సంగతి ఇది.

అందుకని ఈ వారంలో ఖమ్మంలో ఉండగానే ఒక పని చెయ్. సెట్టింగ్స్‌లో సేవ్డ్ డేటా అండ్ గేమ్ స్లాష్ యాప్ సెట్టింగ్స్ అని ఉంటుంది, అందులో పీఎస్5 ది, పీఎస్4 ది విడివిడిగా ఉంటాయ్, రెండూ చూడు. క్లౌడ్‌లో ఉండి బాక్స్‌లో లేనివి ఏమన్నా ఉంటే, ముఖ్యంగా నువ్వు ఇంతకుముందు ఫ్రెండ్ బాక్స్‌లో నీ ఐడీతో ఆడినవి, వాటిని కిందికి దించేసుకో. గడువు అయ్యాక అవి ఆ పైనే ఉండిపోతాయ్, మళ్ళీ డబ్బు కడితేగానీ కనపడవు, క్లౌడ్‌లో ఎప్పటికీ దాచి ఉంచుతారు అనుకోవడం మన అమాయకత్వం. నింటెండో వాళ్ళు దీన్ని సూటిగా రాశారు, వాళ్ళ చందా స్విచ్ ఆన్‌లైన్ ఆగిన తర్వాత 180 రోజులు క్లౌడ్ సేవ్ ఉంచుతాం, అంతే అని. నేను పేరు చెప్పను గానీ ఒక సర్వీసులో నాకు తగిలింది, ఎనిమిది నెలలు గ్యాప్ ఇచ్చి తిరిగి కట్టాను, గేమ్ తెరిస్తే "న్యూ గేమ్" ఒక్కటే ఉంది, "కంటిన్యూ" లేదు. డెబ్బై గంటల పైన ఆడిన ఆట. కస్టమర్ కేర్ అమ్మాయి చాలా మర్యాదగా "సార్, మీరు మళ్ళీ మొదటి నుంచి ఆ అనుభూతిని పొందొచ్చు" అంది. అప్పటి నుంచి ఆపేముందు సేవ్ లిస్ట్ ఒకసారి పైనుంచి కిందిదాకా చూడకుండా ఆపను.

డీఎల్‌సీ గురించి అడిగావ్. నువ్వు కొన్న డీఎల్‌సీ నీదే, ఎప్పటికీ నీదే, కానీ దాన్ని తగిలించే అసలు గేమ్ కేటలాగ్‌ది కాబట్టి అదీ తాళం లోపలే ఉండిపోద్ది. ఇల్లు అద్దెదైనా ఏసీ మనది అన్నట్టు, ఇల్లు ఖాళీ చేస్తే ఏసీని ఇంకో గోడకి బిగించాలి. అంటే అసలు గేమ్ ఎప్పుడైనా సేల్‌లో కొంటే డీఎల్‌సీ, సేవ్ రెండూ దానికి అతుక్కుంటాయ్, వదిలిన చోటి నుంచే మొదలుపెడతావ్. స్టోర్‌లో దాన్ని విష్‌లిస్ట్‌లో పెట్టుకో, రేటు తగ్గినప్పుడు చెప్పుద్ది.

ఇక్కడ మన తెలుగోళ్ళు పడే గుంట ఒకటుంది. "అన్నయ్య అమెరికా నుంచి వస్తున్నాడు, అక్కడ డిస్క్ చవక, తెప్పించుకుంటా" అంటారు. వద్దు. అదే గేమ్ అయినా అమెరికాలో అమ్మే డిస్క్‌కి, మన ఇండియా స్టోర్‌లో వచ్చేదానికి లోపల నంబర్ వేరుగా ఉండొచ్చు, డిస్క్ కవర్ పక్కన సన్నగా పీఎస్4 వాటికి సీయూఎస్ఏ అని, పీఎస్5 వాటికి పీపీఎస్ఏ అని మొదలయ్యే అంకెలు ఉంటాయ్ చూడు, అదే ఆ నంబర్. అది వేరే అయితే ఇండియా అకౌంట్‌తో కొన్న డీఎల్‌సీ దానికి అతకదు, పాత సేవ్ కూడా చాలాసార్లు కనపడదు. మా బావ డాలస్ నుంచి తెచ్చిన డిస్క్ ఒకటి ఇలాగే నా షెల్ఫ్‌లో ఉంది, ఆట ఆడుద్ది, డీఎల్‌సీ మాత్రం నాకు లేనట్టే చూపిస్తుంది. కొంటే ఇండియా స్టోర్‌లోనే కొను, లేదా సికింద్రాబాద్ సీటీసీలోనో మీ ఊళ్ళోనో ఇక్కడికి వచ్చిన డిస్క్ అని నంబర్ చూసుకుని తీసుకో. నీది డిస్క్ డ్రైవ్ లేని డిజిటల్ ఎడిషన్ అయితే ఈ పేరా మొత్తం వదిలేయ్. అన్నట్టు పీఎస్4 వెర్షన్ ఆడుతున్నావా పీఎస్5 వెర్షనా అది కూడా చూసుకో, రెండిటి సేవ్‌లు వేరువేరు, కొన్ని గేమ్స్ దాన్ని దీంట్లోకి తెచ్చుకోనిస్తాయ్, కొన్ని తెచ్చుకోనివ్వవు.

ఎక్స్‌బాక్స్ సంగతి కూడా అడిగావ్, ఆఫీసు ల్యాప్‌టాప్ కాకుండా సొంత ల్యాప్‌టాప్ కొంటే గేమ్ పాస్ తీసుకుందామా అని. సేవ్ విషయంలో వాళ్ళది మంచి పద్ధతి, క్లౌడ్ సేవ్‌కి చందా అక్కర్లేదు, అకౌంట్ ఉంటే చాలు, ఊరికే ఉంటుంది. ఆపి ఏడాది తర్వాత వచ్చినా, లేదా ఆ గేమ్‌ని తర్వాత మైక్రోసాఫ్ట్ స్టోర్‌లో కొన్నా, అక్కడి నుంచే కంటిన్యూ. కానీ స్టీమ్ అనే ఇంకో పీసీ గేమ్స్ స్టోర్‌లో చవకగా ఉందని అక్కడ కొంటే ఆ సేవ్ మామూలుగా రాదు, స్టీమ్ వేరే ఊరు. ఇంకా ఒకటి, వాళ్ళ సైట్‌లో ఆపేటప్పుడు కొన్నిసార్లు రెండు దారులు చూపిస్తారు, ఆటో రెన్యూ ఆపడం ఒకటి, ఇప్పుడే ఆపేసి కొంత డబ్బు వెనక్కి తీసుకోవడం రెండోది. రెండోది కొడితే ఆ నిమిషం నుంచే ఆటలు బంద్, చదవకుండా నొక్కొద్దు. రేట్లు కూడా ఒకలా ఉండవు, 2025 అక్టోబర్‌లో అమెరికాలో గేమ్ పాస్ పెద్ద ప్లాన్ అల్టిమేట్‌ని నెలకి 19.99 డాలర్ల నుంచి ఒక్కసారి 29.99 కి పెంచారు, ఆ వారం నాకు తెలిసిన ఎన్నారై కుర్రాళ్ళందరూ క్యాన్సిల్ ఎలా అనే అడిగారు.

ఇక డబ్బులు. మిగిలిన రోజులకి సోనీ వెనక్కివ్వదు. వాళ్ళ రూల్ ఏంటంటే మొదట తీసుకున్న రోజు నుంచి 14 రోజుల్లోపు అడిగితే ఇస్తారు, అప్పటికి వాడిన దాన్ని బట్టి కోసుకుని. నీది పదకొండు నెలలు దాటింది, ఆ ఆశ వదిలేయ్. అసలు భయపడాల్సింది వెనక్కి రాని డబ్బు గురించి కాదు, మళ్ళీ వెళ్ళే డబ్బు గురించి. ఆటో రెన్యూ అయితే నువ్వు పోయినసారి కట్టిన రేటుకి కాదు, ఆ రోజున్న రేటుకి కోస్తారు. 2022 జూన్‌లో ఇండియాలో ఈ కొత్త ప్లాన్‌లు వచ్చినప్పుడు ఎక్స్‌ట్రా ఏడాదికి 4,999 రూపాయలు, మరుసటి ఏడాది సెప్టెంబర్‌లో ఏడాది ప్లాన్‌ల రేట్లు పెంచారు, సేల్‌లో తక్కువకి కొన్నవాళ్ళకి రెన్యువల్ రోజు ఫుల్ రేటు పడి గుండె ఆగినంత పనైంది.

నాన్నగారి కార్డ్ గురించి. మన దగ్గర రిజర్వ్ బ్యాంక్ 2021 అక్టోబర్ 1 నుంచి పెట్టిన రూల్ ప్రకారం ఇలా తనంతట తాను కోసుకునే పేమెంట్‌కి కనీసం 24 గంటల ముందు మెసేజ్ రావాలి, అందులో ఆపే దారి కూడా ఉండాలి. మొదట 5,000 దాటితే ఓటీపీ అన్నారు, 2022 లో దాన్ని 15,000 చేశారు, అంటే నీ ప్లస్ లాంటిది ఒకసారి మ్యాండేట్ (ప్రతిసారీ అడక్కుండా కోసుకోమనే అనుమతి) ఇచ్చాక ఓటీపీ అడక్కుండా వెళ్ళిపోవచ్చు. ఆ మెసేజ్ ఎవరికొస్తుంది? నాన్నగారికి. ఆయన దాన్ని బ్యాంకువాళ్ళ లోన్ మెసేజ్ అనుకుని తీసేస్తారు. మా నాన్నగారు అలాగే చేశారు. కాబట్టి ఆ మెసేజ్ మీద ఆధారపడకు.

చాలామంది చేసే ఇంకో పని, సర్వీసులో ఆపకుండా బ్యాంక్ యాప్‌లోనో యూపీఐ యాప్‌లోనో మ్యాండేట్ తీసేసి హమ్మయ్య అనుకోవడం. అది సగం పనే. సబ్‌స్క్రిప్షన్ అక్కడ బతికే ఉంటుంది, ప్లేస్టేషన్‌లో అయితే ముందు నీ వాలెట్‌లో ఉన్న డబ్బులు చూస్తుంది, చాలకపోతేనే కార్డ్ దగ్గరికి వెళ్తుంది. పుట్టినరోజుకి ఎవరో ఇచ్చిన గిఫ్ట్ కార్డ్ వేసుకుని, ఏదో గేమ్ కోసం దాచుకున్న డబ్బులు ఇలా పోయినవాళ్ళు ఉన్నారు. ముందు సర్వీసులో ఆపు, తర్వాత బ్యాంక్‌లో మ్యాండేట్ తీయ్, ఆ తర్వాత కావాలంటే అకౌంట్ నుంచి కార్డే తీసేయ్, నువ్వు ఊళ్ళో ఉండవు కాబట్టి అదే నయం, చెల్లి చేతిలో ప్యాడ్ ఉంటుంది, స్టోర్‌లో కొనడానికి పాస్‌వర్డ్ అడగడం నువ్వు పెట్టి ఉండవు. ఫోన్‌లో గూగుల్ వాళ్ళ ప్లే పాస్ లాంటి గేమ్ చందాలు ఉన్నవాళ్ళకి కూడా ఇదే, యాప్ అన్‌ఇన్‌స్టాల్ చేస్తే చందా ఆగదు, ప్లే స్టోర్‌లో పేమెంట్స్ అండ్ సబ్‌స్క్రిప్షన్స్‌లోకి వెళ్ళి ఆపాలి.

మనమే కాదులే ఇలా మర్చిపోయేది. బ్రిటన్‌లో వినియోగదారుల వ్యవహారాలు, కంపెనీల మధ్య పోటీ చూసే ప్రభుత్వ సంస్థ సీఎంఏ 2019 లో ఈ గేమ్ చందాల మీద విచారణ మొదలుపెట్టింది, 2022 లో మైక్రోసాఫ్ట్, సోనీ రెండూ ఒప్పుకున్నాయ్, చాలాకాలం వాడకుండా డబ్బు కడుతూ ఉన్నవాళ్ళకి కబురు పెడతాం, అయినా వాడకపోతే చివరికి డబ్బు తీసుకోవడం ఆపేస్తాం అని. వాడకపోయినా ఏళ్ళ తరబడి కడుతున్న జనం ఉన్నారనే కదా అర్థం. మన దేశంలో 2023 నవంబర్‌లో వచ్చిన డార్క్ ప్యాటర్న్స్ (వెబ్‌సైట్లు, యాప్‌లు జనాన్ని మోసపుచ్చే పద్ధతులు) మార్గదర్శకాల్లో ఉన్న 13 రకాల్లో "సబ్‌స్క్రిప్షన్ ట్రాప్" ఒకటి, ఎక్కడం సులువు, దిగడం కష్టం చేసే పద్ధతి. ఎవరైనా నిన్ను ఆపనివ్వకుండా తిప్పితే వినియోగదారుల హెల్ప్‌లైన్ 1915 కి ఫోన్ చేసి ఈ మాట వాడు.

ఇక చెల్లి. ఇది నువ్వు అడగలేదు గానీ ఇంట్లో గొడవ ఇక్కడే వస్తుంది. నీ బాక్స్‌లో కన్సోల్ షేరింగ్ అనే సెట్టింగ్ ఆన్‌లో ఉండటం వల్లే తన ఐడీతో కూడా నీ ప్లస్ గేమ్స్ ఆడగలుగుతోంది, నీది ఆగిన రోజు తనకి కూడా అవే తాళాలు కనపడతాయ్, ఆన్‌లైన్ మ్యాచ్‌లూ పోతాయ్. ఫోర్ట్‌నైట్ లాంటి ఫ్రీ గేమ్స్‌కి మాత్రం ప్లస్ అక్కర్లేదు, ఆన్‌లైన్ కూడా ఆడుకోవచ్చు. తను నెల గేమ్స్, ఆన్‌లైన్ వరకే ఆడేదైతే మొత్తం ఆపకుండా ఎసెన్షియల్‌కి దించుకోవడం ఒక దారి, ఆ మార్పు కూడా వచ్చే బిల్లు రోజు నుంచే పడుద్ది, ఈ నెలంతా ఎక్స్‌ట్రా ఉంటుంది. లేదూ అన్నీ ఆపేద్దాం అనుకుంటే, సంక్రాంతికో దసరాకో సెలవులకి ఇంటికొచ్చినప్పుడు ఒక్క నెలకి కట్టుకో, ఆ నెలంతా తను కూడా ఆడుకుంటుంది.

ఇంకోటి, బెంగళూరు వెళ్ళాక అక్కడ రూమ్‌మేట్ పీఎస్5 లో నీ ఐడీతో లాగిన్ అయితే కన్సోల్ షేరింగ్ ఆన్ చెయ్యమంటే చెయ్యొద్దు, అది ఒక్క బాక్స్‌కే ఉంటుంది, అక్కడ ఆన్ చేస్తే ఖమ్మంలో ఆఫ్ అవుద్ది. అప్పుడు నువ్వు సొంత డబ్బుతో కొన్న గేమ్స్‌కి కూడా చెల్లి ఐడీలో తాళం పడుద్ది, రాత్రి పదకొండింటికి అమ్మ ఫోన్‌లోంచి నీకు కాల్ వస్తుంది. సేవ్ లిస్ట్ చూసేటప్పుడు ఏదన్నా అర్థం కాకపోతే స్క్రీన్ ఫోటో తీసి ఇక్కడే పెట్టు, చూస్తా.